మూడో నంబరు బిళ్ల

పెద్ద వరద వచ్చిన మూడో ఏడు అది. గురువారం. మధ్యాహ్నం ఒంటిగంటా పది నిమిషాలకు నేను పోలీసు స్టేషన్ బెంచీ మీద కూర్చుని ఉన్నాను. కటకటాల వెనక నా అల్లుడు ఉన్నాడు. మర్నాడు పదిన్నరకు కోర్టు. ఆలోగా ఒక ఉత్తరం దొరకాలి. దొరక్కపోతే వాడికి జైలు. ముగ్గురు రోగుల చావుకు కారణమైన మందుల గోదాము యజమాని మాత్రం చేతులు దులుపుకుని ఇంటికి పోతాడు.

నేను తపాలా శాఖలో ఫిట్టర్‌ని. వీధుల్లో పోస్టు డబ్బాలు నిలబెట్టడం, తాళాలు బిగించడం, రంగు వేయడం నా పని. నలభై ఒక్క ఏళ్లు చేశాను. డబ్బాలో దొంగతనం జరిగితే ఎలా తెరిచారో చూసి చెప్పమని నన్నే పిలిచేవాళ్లు. అలాంటివి పదకొండు వచ్చాయి. పదకొండూ తేల్చాను. బడి మూడో తరగతితో సరి. మాటలు తక్కువ. "ఈయన నోరూ పోస్టు డబ్బానే. లోపలికి పోయింది బయటికి రాదు" అనేది మా ఆవిడ, బతికున్నప్పుడు.

సంగతి ఇది. మందుల గోదాములో పనిచేసే కాంపౌండరు ఒకడు, కాలం చెల్లిన మందులకు కొత్త చీటీలు అంటిస్తున్నారని చిట్టాతో సహా రాసి, జడ్జిగారి పేర కవరు పోస్టు చేశాడు. మంగళవారం, దర్జీ వీధి మూలనున్న ఇరవై ఏడో నంబరు డబ్బాలో. అదే సాయంత్రం ఐదున్నరకు ఎవరో వాడి తల పగలగొట్టారు. ఆసుపత్రిలో ఒక్కసారి కళ్లు తెరిచి, "డబ్బాలో వేశాను" అని మళ్లీ మూశాడు. కవరు కోర్టుకు చేరలేదు. ఆ డబ్బా రోజూ తీసేది నా అల్లుడు.

ఇన్‌స్పెక్టరు వచ్చాడు. కొత్తవాడు. చొక్కా మడత మీద వేలు పెడితే తెగేలా ఉంది. స్టేషన్లో వెనకాల అందరూ ఆయన్ని ఇస్త్రీ అంటారు.

"పెద్దాయనా, ఐదు నిమిషాలు. నేను గడియారం చూస్తూ ఉంటా."

"చూడండి సార్. ఇవాళ పనంతా గడియారంతోనే."

అల్లుడు ఊచల దగ్గరికి వచ్చాడు. రెండు రోజుల గడ్డం.

"మూడింటికి తీశావా?"

"తీశాను మామయ్యా. మూడూ రెండు నిమిషాలకి."

"బిళ్ల?"

"మార్చాను. నాలుగు పెట్టాను."

"ఆరింటికి పోయేసరికి ఏ బిళ్ల ఉంది?"

వాడు నేల చూశాడు. నేను ఆగాను. ఆగడం నాకు బాగా వచ్చు.

"మూడు ఉంది" అన్నాడు చివరికి. "నేనే మర్చిపోయాననుకున్నా మామయ్యా. గబగబా మార్చేసి, ఎవరికీ చెప్పలేదు. మీ అమ్మాయికి కూడా."

"కవరు చూశావా?"

"అమ్మతోడు, చూళ్లేదు. సంచిలో పడినవన్నీ బల్ల మీద పోశాను."

"మర్చిపోయానని నువ్వు అనుకున్నావా, నీకు గుర్తుందా?"

"గుర్తయితే... మార్చినట్టే గుర్తు."

"చాలు" అన్నాను.

బిళ్ల సంగతి చెప్పాలి. డబ్బా తలుపు మీద చిన్న కిటికీ ఉంటుంది. అందులో ఒక ఇనుప బిళ్ల, దాని మీద ఒకటి నుంచి నాలుగు వరకు ఏదో ఒక అంకె. రోజుకి నాలుగుసార్లు తీస్తారు. పొద్దున తొమ్మిది, పన్నెండు, మూడు, ఆరు. ఇక తీయబోయేది ఎన్నోసారో ఆ అంకె చెబుతుంది. మూడింటికి తీసిన మనిషి నాలుగు పెట్టిపోవాలి. ఆ బిళ్లను బయటినుంచి కదపలేరు. తలుపు తెరిస్తేనే చేతికి అందుతుంది, మిగతా మూడు బిళ్లలూ తలుపు లోపలే వేలాడుతుంటాయి. వీధిలో ఆకతాయిలు అంకెలు మార్చకుండా అలా చేశారు.

ఇన్‌స్పెక్టరు బల్ల మీంచి ఒక కాయితం తీసి నా ముందు ఆడించాడు.

"ఇది చదవగలరా, నేను చదవనా?"

"మీరే చదవండి. మీ గొంతు బాగుంటుంది."

టైపిస్టు ఒకావిడ పెద్ద పోస్టాఫీసులో ఇచ్చిన ఫిర్యాదు అది. మంగళవారం నాలుగున్నరకు ఉత్తరం వేద్దామని ఆ డబ్బా దగ్గరికి వెళ్లింది. బిళ్ల ఇంకా మూడు దగ్గరే ఉంది. మూడింటికి తీయాల్సిన మనిషి రాలేదని అర్థం చేసుకుని, అంత దూరం నడిచివచ్చి ఇక్కడ వేయాల్సి వచ్చిందని తిట్టిపోసింది.

"విన్నారుగా. మీ అల్లుడు మూడింటికి తీయనే లేదు. ఆరింటికి ఒక్కడే తీసి, ఆ కవరు జేబులో వేసుకున్నాడు. గోదాము వాళ్లకి అమ్ముకున్నాడు. రేపటికి ఒప్పుకుంటాడు."

"డబ్బా చూశారా?"

"టార్చి వేసి మరీ చూశా. అడుగు, పక్కలు, లోపలి వల. ఖాళీ."

"పైన?"

"పైన ఏముంటుంది పెద్దాయనా, ఆకాశం. తలుపు తెరిచి తల పైకెత్తి కూడా చూశా. ఇనుపకప్పు."

"నేనూ ఒకసారి చూస్తాను. మీరూ రండి. నేను ఒక్కణ్ణే చూస్తే నేనే పెట్టానంటారు."

ఆయనకి రోషం వచ్చింది. నేను కోరిందీ అదే.

రెండూ ఐదుకి దర్జీ వీధి మూలకు చేరాం. డబ్బాకు ఎదురుగానే దర్జీ కొట్టు. దర్జీ నోట్లో గుండుసూదులు పెట్టుకుని కూడా మాట్లాడగలడు.

"కాంపౌండరు ఎన్నింటికి వచ్చాడు?" అడిగాను.

"మూడూ ఇరవై. ఇక్కడికే వచ్చి, డబ్బా తీసేశారా అన్నాడు. అదుగో నాలుగు పడింది, ఇక ఆరింటికే అన్నా. కాసేపు తటపటాయించాడు. కవరు లావు కదా, రెండు చేతులతో తోశాడు. అన్నప్రాసన పిల్లాడికి ముద్ద కుక్కినట్టు."

ఇన్‌స్పెక్టరు చొక్కా మడత మొదటిసారి కదిలింది. "నాలుగు పడిందా? నువ్వు చూశావా?"

"నా సూదిలో దారం నేనే ఎక్కించుకుంటా సార్. అంత అంకె కనపడదా?"

"మళ్లీ ఎవరైనా తీశారా?" అన్నాను.

"తీశారు. నాలుగూ ఐదుకి. నాలుగింటికి మిషను ఆపి టీ తాగుతా, అందుకే తెలుసు. ఖాకీ చొక్కా, సంచి. తీశాడు, బిళ్ల మార్చాడు, మూశాడు, పోయాడు."

"ఈ ముక్క నాకు చెప్పలేదేం?" ఇన్‌స్పెక్టరు గొంతు పెంచాడు.

"డబ్బా తీశారా అన్నారు. తీశారన్నా. ఎన్నిసార్లని మీరు అడగలేదు."

"మొహం?"

"వీపే చూశా. కానీ చొక్కా చూశా. భుజాల మీద పట్టీలున్నాయి. వరద తర్వాత పోస్టాఫీసుకి కుట్టిన చొక్కాలన్నీ ఈ మిషను మీద కుట్టినవే. వాటికి పట్టీల్లేవు. ఆ చొక్కా పాతది."

ఇన్‌స్పెక్టరు నావైపు తిరిగాడు. "పాత చొక్కా మీ అల్లుడికి ఒకటి ఉండే ఉంటుంది."

"వాడు వరద తర్వాత చేరాడు సార్. పైగా మూడున్నర నుంచి ఐదున్నర దాకా ఉత్తరాలు విడదీసే బల్ల దగ్గరున్నాడు. ఆరుగురు చూశారు."

"ఆ ఆరుగురూ తోటి ఉద్యోగులే."

"ఔను. వాళ్లలో ఇద్దరికి వాడంటే పడదు."

ఇన్‌స్పెక్టరు, పోస్టుమాస్టరు మాతో పంపిన రెండో తాళంచెవి జేబులోంచి తీసి ఇచ్చాడు. "తాళంచెవులు రెండే. ఒకటి మీ అల్లుడి దగ్గర, ఇది ఇనప్పెట్టెలో. మంగళవారం ఇది బయటికి రాలేదని పుస్తకంలో ఉంది. మరి ఆ పట్టీల మనిషి ఊదితే తెరుచుకుందా?"

"మూడోది ఉండేది. వరదలో పోయింది."

అని అప్పటికి ఆపాను. తలుపు తెరిచాను. ఈ తాళం సంగతొకటి ఉంది, తలుపు తెరిచి ఉన్నంతసేపూ తాళంచెవి ఊడి రాదు. మూయకుండా పోయే వీలుండదు.

అది ఆరు పలకల డబ్బా. పోత ఇనుము. నడుము పైదాకా ఎరుపు, బురద మరక కనపడకుండా అడుగున నలుపు. మా మేస్త్రీ చెప్పేవాడు, మొదట్లో ఆకుపచ్చ వేశారట, జనం చూసుకోక గుద్దుకుంటుంటే ఎరుపు చేశారట. నోరు మొదట నిలువుగా ఉండేదట, వాన పడి ఉత్తరాలు తడుస్తుంటే అడ్డంగా చేసి పైన చూరు పెట్టారట. గుండ్రటి డబ్బాలు తర్వాత వచ్చాయి. ఎందుకొచ్చాయో మేస్త్రీ చెప్పాడు, అది మాత్రం నేను మర్చిపోలేదు. ఆరు పలకల డబ్బాకి కప్పు కూర్చునే చోట, లోపల చుట్టూ బెత్తెడు వెడల్పు అంచు ఉంటుంది. లావు కవరు గట్టిగా తోస్తే ఎగిరి ఆ అంచు మీద కూర్చుంటుంది. కింద పడదు. కిందనుంచి టార్చి వేస్తే ఆ అంచే కనిపిస్తుంది, దాని మీదున్నది కనిపించదు. అందుకే ఆ అంచు మీద వాలుగా ఒక రేకు బిగించాలి. కవరు దాని మీంచి జారి సంచిలో పడుతుంది.

వరద తగ్గాక పదిహేను రోజుల్లో నలభై డబ్బాలు మళ్లీ నిలబెట్టాను. ఈ ఆరు పలకలదానిలో పాత రేకు తుప్పు పట్టి ఊడిపోయింది. కొత్త రేకు రాలేదు. వచ్చాక వేద్దామనుకున్నాను. ఆ ఏడే మా ఆవిడ పోయింది. రేకు వేయలేదు. ఎవరికీ చెప్పలేదు. నలభై డబ్బాల్లో ఆరు పలకలది ఇదొక్కటే మిగిలింది, మిగతావి గుండ్రటివి, వాటికి ఫరవాలేదు అని నాకు నేను చెప్పుకున్నాను.

చొక్కా చెయ్యి పైకి మడిచి, చెయ్యి లోపలికి పెట్టి, మోచేయి వంచి పైకి తిప్పాను. అంచు తగిలింది. కాయితం తగిలింది.

"సార్, మీ చేత్తో తీయండి" అన్నాను. "మసి అవుతుంది. చొక్కా విప్పుతారా?"

విప్పలేదు. అలాగే పెట్టాడు. తీసిన చెయ్యి మోచేతిదాకా తుప్పు. చేతిలో లావు కవరు. జడ్జిగారి పేరు. అంటించిన అంచు కూడా చెదరలేదు.

ఆయన దాన్ని చాలాసేపు చూశాడు. "పెద్దాయనా, ఇక్కడ ఉంటుందని మీకెలా తెలుసు?"

"అక్కడ నేను వేయాల్సిన రేకు ఒకటుంది. వేయలేదు."

"అంటే మీ తప్పు."

"ఔను సార్."

"మీ తప్పు లేకపోతే ఇది నాలుగూ ఐదుకి ఆ పట్టీల మనిషి సంచిలో పడేది."

"ఔను."

"మిమ్మల్ని అరెస్టు చేయాలో దండ వేయాలో తెలియట్లేదు."

"ఇంకోసారి చెయ్యి పెట్టండి. ఇంకా ఉన్నట్టుంది."

ఇంకొకటి వచ్చింది. ఇదీ లావే, కానీ పాతది. పసుపు పచ్చగా మారింది. తపాలా సూపరింటెండెంటు పేర ఉంది. రాత చూడగానే గుర్తుపట్టాను. అక్షరాలకి తోకలు పెట్టే రాత. అది చదవడానికి నాకు మూడో తరగతి కూడా అక్కర్లేదు.

డబ్బా మూయబోతూ, నా చెయ్యి బిళ్ల దగ్గర ఆగింది. అప్పుడు అంతా ఒక్కచోటికి వచ్చింది.

"సార్, ఆ మనిషి నాలుగు తీసి మూడు పెట్టాడు. ఎందుకు?"

"తడబడ్డాడు."

"కాదు. సరిచేశాననుకున్నాడు. వరద ముందు మా దగ్గర రివాజు వేరు. అప్పుడు బిళ్ల మీద తీసేసిన వంతు అంకె ఉండేది. వరద తర్వాత తీయబోయేది పెట్టమన్నారు. నాలుగూ ఐదుకి ఇతను తెరిచాడు. నాలుగో బిళ్ల కనపడింది. నాలుగో వంతు ఇంకా తీయలేదు కదా, ఎవడో తప్పు పెట్టాడని చెయ్యి దానంతటదే మూడు పెట్టింది. బుర్ర దొంగతనం చేస్తోంది, చెయ్యి ఉద్యోగం చేస్తోంది."

"అంటే వరద ముందు సంచి మోసి..."

"వరద తర్వాత మోయనివాడు. నలుగురున్నారు. ఇద్దరు పోయారు. ఒకడు మంచంలో ఉన్నాడు."

"నాలుగోవాడు?"

"మా ఇంట్లో కూర్చుని మా అమ్మాయికి ధైర్యం చెబుతున్నాడు."

గొలుసు అని వాడి ముద్దుపేరు. తాళంచెవులు నడుముకు గొలుసుతో కట్టుకుని వీధి చివరినుంచే వినపడేలా నడిచేవాడు. ముప్పై ఏళ్ల స్నేహం. వరదలో తాళంచెవి పోగొట్టాడని ఉద్యోగం తీసేశారు. పోయిందని రాసిన కాయితం మీద సాక్షి సంతకం నాదే. పైవాళ్లకి అర్జీ పెట్టానన్నాడు. జవాబు కూడా ఇవ్వలేదని మూడేళ్లుగా తిడుతూనే ఉన్నాడు. ఎక్కడో గోదాముకి కాపలా ఉంటున్నాడు. ఎవరి గోదామని నేను అడగలేదు. అడిగే అలవాటు నాకు లేదు.

నాలుగూ ఇరవైకి మా ఇంటి వెనక వాకిట్లోంచి నా పనిగదిలోకి వెళ్లాం.

"సార్, బూట్లు విప్పండి. కిర్రుమంటున్నాయి."

"నేను ఇన్‌స్పెక్టర్ని."

"బూట్లకి ఆ సంగతి తెలియదు."

విప్పాడు. చెక్క అడ్డు వెనక నిలబడ్డాడు. నేను ముందు గదిలోకి వెళ్లాను. అమ్మాయి లేచింది. ఏడ్చి ఏడ్చి మొహం వాచింది.

"ఏమైంది నాన్నా?"

"చూస్తున్నాం. నువ్వు పక్కింటి పిన్ని దగ్గర కూర్చో, పిలుస్తాను."

"బాబాయ్ పొద్దుటినుంచి ఒక్క ముద్ద ముట్టలేదు నాన్నా, నాతోపాటే" అంటూ వెళ్లింది.

గొలుసు నా భుజం మీద చెయ్యి వేశాడు. "దొరికిందా అన్నా?"

"డబ్బా పాతదైపోయింది. తలుపు మార్చమన్నారు. ఒకటి ఇక్కడ ఉంది. కాస్త పట్టు."

పనిగదిలో వరదనాటి డబ్బా తలుపు ఒకటి గోడకు ఆనించి ఉంది. పట్టుకున్నాడు. నేను మరలు బిగించాను. ముప్పై ఏళ్లు ఇద్దరం ఇలాగే చేశాం. నాలుగు బిళ్లలు వాడి చేతిలో పోశాను.

"మూడింటిది తీసేశారు. బిళ్ల తగిలించు, కిటికీకి సరిపోతుందో లేదో చూద్దాం."

వాడు అంకెలు చూడను కూడా చూడలేదు. వేలితో తడిమి ఒకటి తీసి కొక్కేనికి తగిలించాడు.

"ఏది పెట్టావు?"

"మూడు. తీసింది మూడేగా."

"వరద తర్వాత అది మారింది" అన్నాను. "నువ్వు అప్పటికి లేవు."

వాడి చెయ్యి కొక్కెం మీదే ఉండిపోయింది. మిగిలిన మూడు బిళ్లలు బల్ల మీద పెట్టాడు.

"మంగళవారం నాలుగూ ఐదు" అన్నాను.

"ఉత్తరం అందులో లేదన్నా" అన్నాడు. "నీ అల్లుడి మీదకి వస్తుందని తెలిస్తే తెరిచేవాణ్ణి కాదు. నేను ఏమీ తీసుకోలేదు."

"తాళంచెవి?"

"వరద బురద ఎత్తిపోస్తుంటే మా ఇంటి గూట్లోనే దొరికింది. అప్పటికే ఉద్యోగం పోయింది. తీసుకెళ్లి ఇస్తే దాచి నాటకమాడానంటారు. నోరు మూసుకున్నా. తాగినప్పుడు ఒకసారి యజమాని దగ్గర వాగాను. ఆయన గుర్తుపెట్టుకున్నాడు. కాంపౌండరు కవరు వేయడం ఎవరో చూసి చెప్పారట, మంగళవారం నన్ను పిలిచి డబ్బా తెరిచి తెమ్మన్నాడు."

"కాంపౌండర్ని కొట్టింది?"

"నేను కాదు. మా అమ్మ మీద ఒట్టు."

ఇన్‌స్పెక్టరు మేజోళ్లతో అడ్డు వెనకనుంచి వచ్చాడు. గొలుసు ఆయన్ని చూసి ఆశ్చర్యపోలేదు. నన్నే చూశాడు.

"అన్నా, ఇప్పుడు టైమెంత?"

"ఐదుకి పన్నెండు."

"ఐదింటికి ఆసుపత్రిలో చూసేవాళ్లని లోపలికి వదులుతారు. యజమాని ఇవాళ పళ్లు కొన్నాడు. ఇన్నేళ్లలో ఎవరికీ పళ్లు కొనగా నేను చూడలేదు."

ఇన్‌స్పెక్టరు ఒక్క క్షణం ఆగాడు. బూట్లు ఆ మూలన ఉన్నాయి. వాటిని చూశాడు, తలుపు చూశాడు. మేజోళ్లతోనే వీధిలోకి పరిగెత్తాడు.

నేనూ గొలుసూ మిగిలాం. వాడు పారిపోలేదు. పీట లాక్కుని కూర్చున్నాడు. నేనూ కూర్చున్నాను. జేబులోంచి ఆ పసుపు పచ్చటి కవరు తీసి వాడి ముందు పెట్టాను. వాడికి చూపించి, పొద్దున్నే పోస్టాఫీసులో అప్పగిస్తానని ఇన్‌స్పెక్టర్ని దారిలోనే అడిగాను. సరేనన్నాడు.

వాడు దాన్ని తిప్పి చూసుకున్నాడు.

"ఇది నా అర్జీ."

"ఆ డబ్బాలోనే ఉంది. మూడేళ్లు. రేకు నేను వేయలేదు."

వాడు తిడతాడని చూశాను. తిట్టలేదు. కవరు నా వైపు తోసి, "అయితే వాళ్లు చదివి కాదన్నట్టు కాదన్నమాట" అన్నాడు.

ఐదూ నలభైకి పోలీసు మనిషి వచ్చి గొలుసుని తీసుకెళ్లాడు. యజమానిని కాంపౌండరు మంచం పక్కనే పట్టుకున్నారట. పళ్ల సంచిలో పళ్ల కింద సూదీ మందూ ఉన్నాయట. మేజోళ్ల చప్పుడు వినపడక, ఇన్‌స్పెక్టరు చెయ్యి పట్టుకునేదాకా వెనక్కి తిరగలేదట.

మర్నాడు పొద్దున ఇన్‌స్పెక్టరు బూట్లు తుడిచి స్టేషన్లో ఇచ్చాను. అల్లుణ్ణి ఇంటికి పంపారు. పదిన్నరకు కోర్టులో కవరు విప్పారని తర్వాత విన్నాను. నేను అక్కడికి పోలేదు. తొమ్మిదింటికే పెద్ద పోస్టాఫీసుకు పోయి, గొలుసు అర్జీ మీద ఆ రోజు తేదీ ముద్ర కొట్టించి, నా చేత్తోనే సూపరింటెండెంటుకి ఇచ్చాను. కింద ఇంకో కాయితం పెట్టాను. రాత్రి రాశాను. నాలుగు వాక్యాలకి చాలాసేపు పట్టింది. ఈ అర్జీ ఆలస్యానికి కారణం డబ్బాలో వాలు రేకు లేకపోవడమనీ, అది వేయనివాణ్ణి నేనేననీ, మూడేళ్లు ఆ సంగతి దాచాననీ, గొలుసు మీద ఏ తీర్పు చెప్పినా ముందు ఇది చదవమనీ.

ఆయన చదివి, "ఇప్పుడు ఎక్కడికి?" అన్నాడు.

"ఇరవై ఏడో నంబరుకి" అన్నాను. రేకు అప్పటికే కత్తిరించి సంచిలో పెట్టుకున్నాను.